పింఛను లేని కలం: టిన్ ఉయెవిచ్

మన సంఘం ప్రత్యేక సంచికకు ఒక ప్రముఖుని జీవితం వ్రాయమని కార్యదర్శిగారు కబురు చేసినప్పుడు ముందు మనవాళ్ళ పేర్లే తట్టాయి. కందుకూరి, గురజాడ, గిడుగు ఇలా వరుసగా. కాని ఆ జీవితాలు మనం చదివినవే, మన పిల్లలకు చెప్పినవే. అందుచేత ఈసారి దూరదేశపు మనిషిని ఎంచుకున్నాను. ఆయన పేరు టిన్ ఉయెవిచ్. క్రొయేషియా దేశస్థుడు. కవి, పత్రికా రచయిత, అనువాదకుడు. 1955లో కన్నుమూశారు. ఆ దేశంలో బడికి వెళ్ళిన ప్రతివాడికీ తెలిసిన పేరే గాని మన వైపు విన్నవారు అరుదు. మా మేనల్లుడు ఒకడు ఉద్యోగరీత్యా ఆ దేశ రాజధాని జాగ్రెబ్‌లో ఉంటున్నాడు. అక్కడ ఒక వీధిలో ఉన్న ఆయన కంచు విగ్రహం ఫొటో పంపి, ఈయన ఎవరు మామయ్యా అని నన్నడిగాడు! తెలియకపోవడంతో ఇంగ్లీషులో దొరికినవి తెప్పించుకొని చదవడం మొదలుపెట్టాను. చదివినకొద్దీ ఈ సంగతులు మన సభ్యులకు చెప్పవలసినవే అనిపించింది.

ఎందుకంటే, మనందరం ఒకటో తారీఖున జీతం తీసుకొని బ్రతికినవాళ్ళం. ఇప్పుడు అదే తారీఖున బ్యాంకు పాసుబుక్కు చూసుకునేవాళ్ళం. ఉయెవిచ్‌కు ఒకటో తారీఖు అన్నది చాలా కాలం లేదు. అరవై నాలుగేళ్ళ జీవితంలో ఎక్కువ భాగం వ్రాసిన కాగితం అమ్ముడైతే భోజనం, లేకపోతే లేదు అన్నట్టు గడిచింది. యాభయ్యో పడిలో పడ్డాక ఒక సర్కారు ఉద్యోగం దొరికింది. నాలుగేళ్ళు చేసిన ఆ ఉద్యోగమే ఆ తర్వాత ఆయన మెడకు చుట్టుకుంది. ఆ భాగం గుమాస్తాగిరీ చేసినవాళ్ళం మనం కాస్త నిదానించి చూడవలసినది. దాని దగ్గరికి తర్వాత వస్తాను.

ముందు ఊరూ పేరూ. క్రొయేషియా అంటే ఇటలీకి ఎదురుగా, ఏడ్రియాటిక్ సముద్రానికి తూర్పు ఒడ్డున ఉన్న చిన్న దేశం. 2021 జనాభా లెక్కల ప్రకారం అక్కడి జనం 39 లక్షలు కూడా లేరు. సముద్రతీర ప్రాంతాన్ని డాల్మేషియా అంటారు. తీరం వెంట ద్రాక్షతోటలూ, ఆలివ్ తోటలూ. కొండ దాటి లోపలికి వెళితే సున్నపురాతి నేల, నీటికి కటకట. ఆ లోపలి ప్రాంతంలో వర్గోరత్స్ అనే చిన్న ఊళ్ళో, తురుష్కుల కాలంనాటి పాత బురుజులో, 1891 జూలై 5న ఉయెవిచ్ జన్మించారు. పెట్టిన పేరు అగస్టిన్ యోసిప్. అగస్టిన్‌లో చివరి ముక్క మిగిలి టిన్ అయింది. తండ్రి బడిపంతులు. తల్లి పుట్టిల్లు బ్రాచ్ అనే దీవి. బడిపంతులుగారి ఇల్లు ఎలా ఉంటుందో మనకు తెలియనిది కాదు. డబ్బు ఉండదు, పుస్తకాలు ఉంటాయి.

ఆ దేశపు ప్రభుత్వాల లెక్క కూడా ఇక్కడే చెప్పేస్తే తర్వాత తికమక ఉండదు. ఆయన పుట్టినప్పుడు ఆ ప్రాంతం ఆస్ట్రియా-హంగరీ చక్రవర్తి ఏలుబడిలో ఉండేది. మొదటి ప్రపంచ యుద్ధం ముగిసి ఆ సామ్రాజ్యం కూలాక, 1918లో సెర్బులు, క్రొయేట్లు, స్లొవీన్లు కలిసి ఒక రాజ్యమైంది. బెల్‌గ్రేడ్ రాజధాని. 1929లో దానికి యుగోస్లావియా అని పేరు మార్చారు. 1941 ఏప్రిల్‌లో జర్మనీ, ఇటలీ దండెత్తి ఆ రాజ్యాన్ని ముక్కలు చేసి, క్రొయేషియా పేరుతో ఒక ఫాసిస్టు ప్రభుత్వాన్ని నిలబెట్టాయి. 1945లో అది పోయి కమ్యూనిస్టుల యుగోస్లావియా వచ్చింది. ఇప్పటి స్వతంత్ర క్రొయేషియా 1991 నాటిది, అంటే ఆయన పోయిన 36 ఏళ్ళకు. ఒక్క జీవితంలో నాలుగు సర్కార్లు! 1956లోనూ, 2014లోనూ కార్యాలయాల బోర్డులు మారడం చూసిన మనకు అదేమీ వింత కాదు గాని, మనకు బోర్డు మారినప్పుడు సర్వీసు రిజిస్టరు మన వెంట వచ్చింది. ఆయన వెంట ఏ రిజిస్టరూ లేదు.

చదువు ఇమోట్‌స్కి, మకార్‌స్కా అనే ఊళ్ళలో మొదలై, 1902 నుంచి స్ప్లిట్ నగరంలో సాగింది. అక్కడ క్రైస్తవ మఠ విద్యార్థుల వసతిలో ఉంటూ లాటిన్, గ్రీకు నేర్పే ఉన్నత పాఠశాలలో చదివారు. పదమూడో ఏట కవిత్వం మొదలుపెట్టారట. నీళ్ళ మీద ఒక చిన్న వచన రచన చేసి పత్రికకు పంపితే అది సంపాదకుడిగారి చెత్తబుట్టలోకి పోయిందని ఆయనే తర్వాత చెప్పుకున్నారు. 1909లో పరీక్ష ప్యాసయ్యారు. మఠ వసతిలో పెరిగిన పిల్లవాడు మతగురువు అవుతాడని అందరూ అనుకునే రోజులు. ఆయన ఆ దారి వదిలి జాగ్రెబ్ విశ్వవిద్యాలయంలో చేరి సాహిత్యం, ప్రాచీన భాషలు, తత్వశాస్త్రం చదవసాగారు. ఆ ఏడే ఆయన మొదటి సానెట్ ఒక యువజన పత్రికలో అచ్చయింది. సానెట్ అంటే 14 పంక్తుల పద్యం, కట్టుదిట్టమైన నియమాలున్నది.

జాగ్రెబ్‌లో ఆయనకు ఒక గురువు దొరికారు. ఆంటున్ గుస్తావ్ మాతోష్ అని, ఆనాటి క్రొయేషియా సాహిత్యంలో పెద్ద తలకాయ. కవి, కథకుడు, పత్రికా రచయిత. కాఫీ హోటలే ఆయనకు తరగతి గది. చుట్టూ కుర్రకారు. వాళ్ళలో ఉయెవిచ్ ముందు వరుస. కాని రెండేళ్ళు తిరగకుండానే 1911లో గురుశిష్యులు తెగతెంపులు చేసుకున్నారు. కారణాల్లో రాజకీయం ఒకటి. దక్షిణ స్లావు జాతులన్నీ ఒక్కటై చక్రవర్తి పాలన వదిలించుకోవాలన్నది కుర్రవాళ్ళ పక్షం, క్రొయేషియా మాట వేరుగా చెప్పుకోవాలన్నది మాతోష్ పక్షం. పత్రికల్లో ఒకరినొకరు ఘాటుగా విమర్శించుకున్నారు. 1914 మార్చిలో మాతోష్ చనిపోయినప్పుడు, సావ్రెమెనిక్ అనే సాహిత్య పత్రికలో ఆయన మీద వ్యాసం వ్రాసినవారిలో ఈ శిష్యుడూ ఉన్నాడు. దెబ్బలాడుకున్న మనిషి పోయాక కలం పట్టుకొని ఆయన గొప్ప చెప్పడం అంత తేలిక కాదు. ఈ ఒక్క పనితో నాకు ఉయెవిచ్ మీద గౌరవం కలిగింది.

ఈలోగా జైలు కూడా అయింది. 1912లో క్రొయేషియాలో రాజ్యాంగాన్ని పక్కనబెట్టి స్లావ్కో త్సువాయ్ అనే అధికారి పాలన సాగుతోంది. ఆ జూన్‌లో ఒక విద్యార్థి ఆయన మీద కాల్పులు జరిపాడు. గురి తప్పింది. ఆ తర్వాత ఉద్యమంలో ఉన్న యువకులను పట్టుకెళ్ళడం మామూలైపోయింది. ఉయెవిచ్ ఒకసారి కాదు, కొన్నిసార్లు లోపలికి వెళ్ళివచ్చారు. ఊరూరా తిరిగి చివరికి 1913లో పారిస్ చేరారు. అప్పటికి 22 ఏళ్ళు.

పారిస్‌లో ఆరేళ్ళు ఉన్నారు. మోంపర్నాస్ పేటలో చిత్రకారులూ కవులూ చేరే రొతోంద్ అనే కాఫీ హోటల్లో ఆయన ఒక కుర్చీ మనిషి. యుద్ధం మొదలవగానే విదేశీయులను చేర్చుకునే ఫ్రెంచి సైనిక దళంలో చేరి, కొద్ది కాలానికే బయటికి వచ్చేశారు. ప్రవాసంలో ఉన్న క్రొయేషియా నాయకుడు ఫ్రానో సుపిలో ఆయనను అక్కడినుంచి రప్పించారు. చేతిలో తుపాకి కంటె కలం ఉంటేనే దేశానికి ఉపయోగమని ఆ పెద్దమనిషి అనుకొని ఉండాలి. అదే 1914లో స్వదేశంలో ఒక ముఖ్యమైన సంకలనం వెలువడింది. పన్నెండుమంది యువకవులది. అందులో ఉయెవిచ్‌వి పది కవితలున్నాయి. వాటిలో ఒకటి నాలుగు వందల ఏళ్ళ కిందటి స్ప్లిట్ కవి మార్కో మారులిచ్ నాటి పాత భాషలో వ్రాసింది. మన లెక్కలో చెప్పాలంటే, ఇరవై మూడేళ్ళ కుర్రవాడు పెద్దన్న కాలపు తెలుగులో పద్యం కట్టి ఆధునిక కవుల సంకలనంలో పెట్టించడం వంటిది. కొత్తవాళ్ళు పాతది చదవరన్న అపవాదు ఆయనకు అంటదు.

పారిస్ రోజుల దరిద్రం, ఏకాకితనం, రాజకీయాల మీద విరక్తి ఇవన్నీ ఆయన తొలి రెండు కవితా సంపుటాల్లోకి వెళ్ళాయి. 1919లో జాగ్రెబ్ తిరిగివచ్చేనాటికి తాను కలగన్న ఐక్య రాజ్యం వచ్చే ఉంది. కాని అది తాను కలగన్నట్టు లేదు. ఉద్యమంలో తిరిగిన చాలామందికి పదవులు వచ్చాయి. ఈయన ఆ వరుసలో నిలబడలేదు. 1923లో తన గతాన్ని తానే నిలదీసి ప్రశ్నించుకుంటూ ఒక దీర్ఘవ్యాసం ప్రచురించారు. అంతరాత్మ పరీక్ష అని దాని పేరు. తన మీద తాను ఇంత నిర్దయగా వ్రాసుకున్న మనిషి తమ సాహిత్యంలో అరుదని అక్కడి విమర్శకులు ఇప్పటికీ చెబుతారు.

మొదటి సంపుటం 1920లో బెల్‌గ్రేడ్‌లో అచ్చయింది. పేరు లెలెక్ సెబ్రా. సెబర్ అంటే మధ్యయుగాల్లో దొరల కింద బ్రతికిన సామాన్యుడు. మన మాటలో పాలేరు ఆక్రందన అనుకోవచ్చు. రెండోది 1926లో వచ్చిన కొలాయ్నా, అంటే కంఠహారం. అందులో కవితలకు పేర్లు లేవు, అంకెలే ఉన్నాయి. అందని స్త్రీ మీద ప్రేమ దాని విషయం. మొదటి పుస్తకంలోని ఒక కవిత పేరు ప్రతిదినపు మొర. బలమంతా ఉన్న వయసులో బలహీనుడై, ఒంటరివాడై ఉండటం ఎంత కష్టమో అందులో చెప్పారు. ఆ దేశంలో బాగా ప్రసిద్ధమైన కవితల్లో అది ఒకటి. నేను ఇంగ్లీషులో చదివాను. అనువాదంలో లయ ఎటూ పోతుంది. అయినా చదివాక కాసేపు పుస్తకం మూసి కూర్చున్నాను.

ఇక్కడొక మాట. ఉయెవిచ్ గురించి వ్రాసేవాళ్ళు చాలామంది ఆయన కవిత్వం చెప్పి, ఆ తర్వాత ఆయన తాగుడు, దేశదిమ్మరితనం, మాసిన కోటు ఇవన్నీ కథలు కథలుగా చెబుతారు. బెల్‌గ్రేడ్‌లో మోస్క్వా హోటల్లోనూ, స్కదార్లియా వీధి హోటళ్ళలోనూ ఆయన లేని రాత్రి లేదన్నట్టు చెబుతారు. అందులో నిజం ఉంది, కాదనను. ఆయన పెళ్ళి చేసుకోలేదు, ఇల్లు కట్టలేదు. కాని తాగి పడుకున్న మనిషి అన్ని వేల పేజీలు వ్రాయగలడా? ఆయన పోయిన తర్వాత సమగ్ర రచనలు వేస్తే 17 సంపుటాలయ్యాయి. అందులో పెద్ద భాగం గద్యమే. వ్యాసాలు, పత్రికా రచనలు. ఆఫీసులో మనం చూడలేదా? బల్లమీద కాగితాలు చిందరవందరగా ఉన్న గుమాస్తా దగ్గరే ఒక్కోసారి పెండింగు ఫైలు ఒక్కటి ఉండదు. పై వేషం చూసి పనిని అంచనా కట్టడం మన దేశంలోనూ ఉంది, ఆ దేశంలోనూ ఉంది.

1920 నుంచి 1926 దాకా బెల్‌గ్రేడ్, మధ్యలో స్ప్లిట్, జాగ్రెబ్, మళ్ళీ బెల్‌గ్రేడ్, మళ్ళీ స్ప్లిట్. 1930 నుంచి 1937 దాకా సారయేవో. 1937 నుంచి 1940 దాకా మళ్ళీ స్ప్లిట్. ఈ బదిలీలకు ఆర్డర్లు లేవు, టి.ఏ. బిల్లులు లేవు. ఎక్కడ పత్రిక వ్యాసం వేసుకుంటే అక్కడ బ్రతుకు. సాహిత్యం, తత్వం, విజ్ఞానశాస్త్రం, ఊళ్ళ విశేషాలు, వేరే దేశాల పుస్తకాలు, ఇది అది అని లేదు. గ్రంథాలయాల్లో కూర్చొని ఫ్రెంచి, ఇంగ్లీషు, ఇటాలియన్ పుస్తకాలు చదవడం, చదివినదాన్ని మామూలు పాఠకుడికి తెలిసేలా పత్రికలో చెప్పడం. పత్రిక మరునాటికి పాతబడుతుంది. అందులో వ్రాసినదీ దానితోపాటు పోతుందని లోకం అనుకుంటుంది. ఈయన మాత్రం అలా అనుకొని వ్రాసినట్టు లేదు. ఆ వ్యాసాల్లో ఏరినవాటితో 1938లో ఒక్క ఏడాదిలోనే రెండు పుస్తకాలు వచ్చాయి. ఒకటి అస్తవ్యస్తం మీద శస్త్రవైద్యుడి కత్తి అనే అర్థం వచ్చే పేరుతో, రెండోది సత్రం తలుపు వెనక మనుషులు అనే పేరుతో. ఈ మధ్యలోనే 1932లో, 1933లో మరో రెండు కవితా సంపుటాలు వెలువడ్డాయి. 1933 దాని పేరు దుఃఖపు గంట.

మనకు సంబంధించిన సంగతి ఒకటి ఉంది. 1931లో ఆయన ప్రచురించిన ఒక చిన్న పుస్తకం టాల్‌స్టాయ్ గురించీ, మన మహాత్మాగాంధీ గురించీ. ఇద్దరు ముఖ్య బొగుమిల్లు అని దాని పేరు. బొగుమిల్లు అంటే మధ్యయుగాల్లో బాల్కన్ దేశాల్లో ఉన్న ఒక క్రైస్తవ శాఖవారు. చర్చి ఆడంబరాన్నీ, రాజుల అధికారాన్నీ ధిక్కరించి సాదాగా బ్రతకాలన్నవారు. పాలకులూ, మతాధికారులూ వాళ్ళను వెంటాడి హింసించారు. టాల్‌స్టాయ్‌నీ, గాంధీనీ ఆ కోవలో నిలబెట్టడం చూడండి. ఉప్పు సత్యాగ్రహం జరిగిన మరుసటి ఏడాది, అంత దూరాన, జేబులో చిల్లిగవ్వ లేని ఒక కవి గాంధీగారిని తమ సొంత చరిత్రలోని మనుషులతో పోల్చి తన ప్రజలకు పరిచయం చేశాడు! పరాయి దేశపు మనిషిని ఇంటి మనిషిగా చేసి చెప్పడం అంటే ఇదే. అనువాదంలోనూ ఆయన ప్రావీణ్యం ఇదేనని నాకు తోస్తుంది.

1940లో ఆయన జాగ్రెబ్ చేరారు. అక్కడినుంచి ఇక కదలలేదు. మరుసటి ఏడాది యుద్ధం వచ్చింది, పైన చెప్పిన ఫాసిస్టు ప్రభుత్వం వచ్చింది. ఆ ప్రభుత్వం ఎలాంటిదో దాచకుండా చెప్పాలి. సెర్బులను, యూదులను, రోమా జాతివారిని పెద్ద సంఖ్యలో చంపించింది. యాసెనోవాత్స్ అనే నిర్బంధ శిబిరం పేరు చెబితే అక్కడివారు ఇప్పటికీ తల వంచుకుంటారు. ఆ ప్రభుత్వం కింద ఉయెవిచ్‌కు అనువాదకుడి ఉద్యోగం వచ్చింది. వయసు 50. ఆ నాలుగేళ్ళూ అనువాదాలు, కొద్దిగా పత్రికా రచన చేసుకొని బ్రతికారు. 1941 నుంచి 1945 దాకా ఆయన పుస్తకం ఒక్కటీ రాలేదు.

1945లో కొత్త ప్రభుత్వం రాగానే ఎవరెవరు ఎక్కడెక్కడ పనిచేశారన్న లెక్కలు తీశారు. ఉయెవిచ్ పాత సర్కారు జీతం తిన్నవారిలో తేలారు. ఆయన రచనలు అచ్చు కాకూడదన్నారు. ఆ నిషేధం ఏళ్ళ తరబడి సాగింది.

ఇది న్యాయమా అని నేను చాలా రోజులు ఆలోచించాను. అనువాదకుడి బల్ల అంటే ఏమిటో నాకు కొంచెం తెలుసు. నేను 1973లో సర్వీసులో చేరాను. 1966 నాటి అధికార భాషా చట్టం పుణ్యమా అని ఇంగ్లీషు సర్క్యులర్లను తెలుగు చేసే పని తరచు నా బల్లమీదికి వచ్చేది. అనువాదకుడు ఏదీ నిర్ణయించడు. పైనుంచి కాగితం వస్తుంది, మరో భాషలోకి మార్చి ఇస్తాడు, ఇనీషియల్ వేస్తాడు. దానివల్ల ఎవరికి మేలో ఎవరికి కీడో అతన్ని ఎవరూ అడగరు. 1975-77 ఎమర్జెన్సీ రోజుల్లో మన సభ్యులు చాలామంది సర్వీసులోనే ఉన్నారు. ఆనాటి ఉత్తర్వులు టైపు చేసినవీ, డెస్పాచ్ చేసినవీ మన వంటివారి చేతులే. 1977లో ప్రభుత్వం మారినప్పుడు మన టైపిస్టులను ఎవరూ సంజాయిషీ అడగలేదు. అడిగి ఉంటే మనం ఏమి చెప్పేవాళ్ళం?

అయితే దీనికి రెండో వైపు ఉంది. ఎంత దుర్మార్గపు ప్రభుత్వమైనా కాగితం మీద నడవవలసిందే. ఆ కాగితం ముట్టనని చెప్పిన గుమాస్తాలు కూడా లోకంలో ఉన్నారు, దానికి ప్రాణాలిచ్చినవారూ ఉన్నారు. ఉయెవిచ్ అలా చెప్పలేదు. యౌవనంలో జైళ్ళకు వెళ్ళిన మనిషి, గాంధీ మీద పుస్తకం వ్రాసిన మనిషి, ఆ నాలుగేళ్ళు బల్ల దగ్గర కూర్చొని పని చేశాడు. వయసు అనవచ్చు, ఆకలి అనవచ్చు. ఆ రెండూ నిజమే. మా ఇంట్లో ఈ విషయం మీద వాదన కూడా జరిగింది. మా అబ్బాయి ఆయన్ను క్షమించడానికి ఒప్పుకోలేదు. మా ఆవిడ మాత్రం, ముందు ఆయనకు రెండు పూటలా అన్నం ఎవరు పెట్టేవారో చెప్పి అప్పుడు మాట్లాడమంది. ఉత్తర్వు ఇచ్చినవాడినీ, దాన్ని తర్జుమా చేసినవాడినీ ఒకే తక్కెడలో తూచకూడదని నేనంటాను. తక్కెడ ఎక్కించనే కూడదని మాత్రం అనను. ఎవరైనా సభ్యులు దీనిమీద తమ అభిప్రాయం వ్రాసి పంపితే సంపాదకులు వేసుకుంటారనే అనుకుంటున్నాను.

సొంత రచన అచ్చు కాకూడదన్నారు గనుక ఇక ఆయనకు మిగిలింది ఇతరుల రచనలను తన భాషలోకి తేవడం. అనువాదం ఆయనకు కొత్త కాదు. ముందునుంచీ చేస్తున్నదే. ఎడ్గార్ ఎలన్ పో, ఫ్లోబేర్, బెంజమిన్ కోన్‌స్టాన్, జోసెఫ్ కాన్రాడ్, జార్జ్ మెరెడిత్, ఆంద్రె జీద్, మార్సెల్ ప్రూస్త్, కవుల్లో రేంబో, వెర్‌హారెన్, ఇటలీ శిల్పి బెన్‌వెనూతో చెల్లీనీ ఆత్మకథ... ఆయన తమ భాషలోకి తెచ్చిన రచయితల జాబితాలో ఇవి కొన్ని మాత్రమే. వీళ్ళలో ఒక్కొక్కరిది ఒక్కొక్క గొంతు. ప్రూస్త్ వాక్యం పేజీ పొడుగునా పాకుతుంది. పో వాక్యం గుండె దడలా కొట్టుకుంటుంది. చెల్లీనీ సంతలో నిలబడి గొప్పలు చెప్పుకునేవాడిలా మాట్లాడతాడు. ఒక సర్క్యులర్‌లో అడ్డం వచ్చిన ఒక్క ఇంగ్లీషు మాటకు తెలుగు మాట దొరక్క సాయంత్రం దాకా తలగోక్కున్న నాకు, ఇన్ని గొంతులను ఒక్క మనిషి ఎలా పలికించాడా అని ఆశ్చర్యం. ఇంతకు ముందు నాలుగు వందల ఏళ్ళనాటి భాషలో పద్యం కట్టిన కుర్రవాడి సంగతి చెప్పానే, ఆ సాధనంతా ఇక్కడ అక్కరకు వచ్చింది. తమ భాషలో పాతదీ కొత్తదీ, కోస్తాదీ కొండదీ ఏ మాట ఎక్కడుందో తెలిసినవాడు కాబట్టే అది సాధ్యమైంది.

వాల్ట్ విట్మన్ గడ్డిపరకలు పుస్తకానికి ఆయన అనువాదం 1951లో వెలువడింది. వచన కవిత్వం చదివే మనవాళ్ళకు విట్మన్ పేరు కొత్త కాదు. శ్రీశ్రీ మెచ్చుకున్న కవి. శ్రీశ్రీ మాట వచ్చింది గనుక, ఆయన కూడా పత్రికాఫీసులో పనిచేసి, 1950లో తొలి తెలుగు డబ్బింగు చిత్రం ఆహుతికి మాటలు వ్రాసి, పొట్ట కోసం ఇతరుల మాటలకు తెలుగు మాటలు సమకూర్చినవారే. కవులకు కూడు పెట్టేది కవిత్వం కాదన్నది ఏ దేశంలోనైనా ఒక్కటే.

ఆంక్షలు కొద్దికొద్దిగా సడలాయి. 1950 చివర ఆయన రచనల నుంచి ఏరిన ఎంపిక జాగ్రెబ్‌లో పుస్తకంగా వచ్చింది. రుకోవెత్ అని పేరు పెట్టారు. కోత కోసినప్పుడు గుప్పిట పట్టే పైరు అని ఆ మాటకు అర్థం. మన పల్లెల్లో పన అనేదానికి దగ్గరగా ఉంటుంది. 1954లో కొత్త కవితల సంపుటం వచ్చింది. ఊట దగ్గర దప్పిగొన్న రాయి అన్నది దాని పేరు. సున్నపురాతి నేల మీద, నీటి కటకట మధ్య పుట్టిన మనిషి 63వ ఏట పెట్టుకున్న పేరది. అదే ఆయన బ్రతికుండగా వచ్చిన చివరి కవితా సంపుటం. 1955 నవంబరు 12న జాగ్రెబ్‌లో కన్నుమూశారు. మిరోగోయ్ అనే పెద్ద శ్మశానవాటికలో ఖననం చేశారు.

1963 నుంచి 1967 వరకు పైన చెప్పిన 17 సంపుటాలు వెలువడ్డాయి. వాటిని సమకూర్చే పనికి నాయకత్వం వహించిన ద్రాగుతిన్ తదియనోవిచ్ కూడా కవే. చిన్నా చితకా పత్రికల్లో చెదిరిపోయిన రచనలను ఒక్కచోటికి తేవడానికి ఎంత ఓపిక కావాలో రికార్డు రూములో పాత ఫైలు కోసం దుమ్ములో వెతికినవారికి తెలుసు. 1980లో క్రొయేషియా రచయితల సంఘం ఆయన పేర ఒక పురస్కారం నెలకొల్పింది. ఏటా ఉత్తమ కవితా సంపుటానికి ఇస్తారు. పుట్టిన బురుజును స్మారకంగా కాపాడుతున్నారు. స్ప్లిట్ రేవు నుంచి దీవులకు మనుషులనూ, వాహనాలనూ చేరవేసే పడవల్లో పెద్దదానికి ఒకదానికి టిన్ ఉయెవిచ్ అని పేరు పెట్టారు. ఆ రేవు నుంచి కనిపించే దీవుల్లో వాళ్ళ అమ్మగారి ఊరు ఉన్న బ్రాచ్ ఒకటి.